వేలెడు వత్తి

కథ ఎక్కడ ఆగిందంటే: ఆరేళ్ళ క్రితం మా ఏడేళ్ళ పాప ఆసుపత్రిలో పోయింది. ఆ గంటలో నేను దాని దగ్గర లేను. వాళ్ళ నాన్న ఉన్నాడు. "ఏమీ అనలేదు, నిద్రలోనే పోయింది, నా చేతుల్లోనే" అని నాకు చెప్పి, పన్నెండో రోజున వెళ్ళి మౌనుల మఠంలో చేరిపోయాడు. ఆ తర్వాత ఆయన గొంతు విన్నవాళ్ళు లేరు. రెండు వారాల క్రితం యూనిఫాం కుట్టించుకోవడానికి మా కొట్టుకి వచ్చిన ఒక నర్సమ్మ నన్ను గుర్తుపట్టి, "మీ పాప ఆఖరి దాకా మాట్లాడుతూనే ఉందమ్మా. పక్కగదిలో మందులు సర్దుతూ విన్నా. ఏం మాట్లాడిందో తెలియలేదు గానీ గొంతు వినబడుతూనే ఉంది" అంది. ఆ ముక్క పట్టుకుని మఠానికి ఉత్తరం రాశాను. రమ్మన్నారు. పోయినవారం మఠం ఇనుప గేటు ముందు ఆగాం. నేనూ, సంచీ పట్టుకుని నా వెనకే మా అక్కా.

గేటు తీసినాయన మమ్మల్ని చూడగానే మాట మొదలుపెట్టేశాడు. మఠం మొత్తం మీద మాట్లాడే అనుమతి ఉన్నది ఆయన ఒక్కడికే. బయటివాళ్ళతో పని పడక తప్పదు కదా, అందుకని ఏడాదికి ఒకరికి ఆ పని అప్పజెబుతారు. సబ్బు తెచ్చేవాళ్ళూ కరెంటువాళ్ళూ ఆసుపత్రివాళ్ళూ ఆయన్ని 'నోరు' అనే పిలుస్తారట. ఆయనే చెప్పాడు, తనకది పెద్ద బిరుదైనట్టు.

"నా నోటికి ఇంకా పదకొండు రోజులే ఉందమ్మా. ఆ పైన తాళం. అందుకే వచ్చినవాళ్ళందరి బుర్రలూ తినేస్తున్నా. ఏమనుకోకండి."

"మా వీధిలో ఒకావిడ ఉంది, నోరు మూయదు" అంది అక్క. "పంపిస్తా. వారం రోజులు ఉంచుకుని చూడండి, పుణ్యం ఉంటుంది."

"పంపండి పంపండి. రెండోరోజుకి గోడ దూకుతుంది."

"ఆవిడ దూకదు. మీరే దూకుతారు."

ఆయన పొట్ట పట్టుకుని నవ్వాడు. తర్వాత, లోపలికి ఒక్కరికే అనుమతి అన్నాడు. అక్క అప్పటికే వెనక్కి తిరిగింది. "నాకేం పని లోపల. గుండీలు కుట్టుకోవాలి" అంటూ రోడ్డుకి అవతల బస్టాపులో ఉన్న సిమెంటు బల్ల మీదికి వెళ్ళి కూర్చుంది. సంచీలోంచి చొక్కా తీసింది. నాకేసి చూడలేదు. వెళ్ళిరా అని కూడా అనలేదు. పనిమీద ఉందనుకున్నాను.

అదొకప్పటి నూలుమిల్లు. మఠంవాళ్ళు దాన్ని తీసుకుని, బట్టలుతికి ఇస్త్రీ చేసే చలువశాల చేశారు. చుట్టుపక్కల ఆసుపత్రుల దుప్పట్లన్నీ ఇక్కడికే వస్తాయి. మౌనం అంటే నేను నిశ్శబ్దం అనుకున్నాను. కాదు. బాయిలరు బుసకొడుతోంది. తొట్లలో నీళ్ళు తిరుగుతున్నాయి. తడిదుప్పటి గట్టు మీద పడ్డప్పుడల్లా చెంపదెబ్బ లాంటి చప్పుడు. నలభై మంది మగవాళ్ళు మోకాళ్ళ దాకా బట్టలెత్తి కట్టి పనిచేస్తున్నారు. ఇద్దరు ఒక దుప్పటి రెండు కొసలూ పట్టుకుని దగ్గరికి వస్తారు, మడత కలుపుతారు, దూరం వెళతారు, మళ్ళీ వస్తారు. కొసకి కొస ఎక్కడా తేడా రావడం లేదు. కుట్టేదాన్ని కాబట్టి అది చూశాను. 

ఇస్త్రీ బల్ల దగ్గర ఒక ముసలాయన చెయ్యి వేడిరేకుకి తగిలింది. చెయ్యి వెనక్కి లాక్కున్నాడు. నోరు తెరుచుకుంది. అందులోంచి ఏ చప్పుడూ రాలేదు. పక్కనున్నతను ఆ తెరుచుకున్న నోరు చూసి, పరుగున వెళ్ళి చెంబుతో నీళ్ళు తెచ్చి పోశాడు. ఆయన నోరు మూసుకున్నాడు. మళ్ళీ పని మొదలైంది. కాలినప్పుడు 'అమ్మా' అనడం కూడా మరిచిపోవడానికి ఎన్నాళ్ళు పడుతుందో అడుగుదామనుకున్నాను. అడగలేదు.

"వత్తి సంగతి మీకు చెప్పాలి" అన్నాడు నోరు, నడుస్తూ. "చేరిన రోజున ఎవరి వత్తి వాళ్ళే పోసుకుంటారు. మైనం కరిగించి, వాళ్ళ చూపుడువేలు ఎంతుంటే అంత. బతుకు మొత్తంలో ఒక్కసారి వెలిగించుకోవచ్చు. అది వెలుగుతున్నంతసేపూ ఎవరితోనైనా ఏమైనా మాట్లాడొచ్చు. ఆరిందా, అంతే. పలకలున్నాయి గానీ వాటి మీద దుప్పట్ల లెక్కే రాయాలి. మనసులో మాట రాయకూడదు. సైగలు పనికి మాత్రమే."

"ఎంతసేపు వెలుగుతుంది?"

"వేలిని బట్టి. నాది చూడండి, పొట్టి పిడచ. పావుగంట వస్తే గొప్ప. చాలామంది వెలిగించకుండానే పోతారమ్మా. మిగిలిపోయిన వత్తులు పెట్టెలో ఉన్నాయి. పేర్లు లేవు. పొడుగుల్ని బట్టి ఎవరిదో గుర్తుపడతాం." కాసేపు ఆగాడు. ఈయనకి ఆగడం కూడా వచ్చని అప్పుడు తెలిసింది. "మీ ఆయన మీ ఉత్తరం చదివి, వెళ్ళి అలమరలోంచి తన వత్తి తెచ్చి నా బల్ల మీద పెట్టాడు. అయితే ఆయన వేలు..."

"తెలుసు" అన్నాను.

మా పెళ్ళయిన రెండో ఏట అచ్చాఫీసులో కాగితాలు కోసే కత్తి కింద పడి ఆయన కుడిచేతి చూపుడువేలి పై కణుపు పోయింది. నెలరోజులు దానికి కట్టు కట్టింది నేనే. ఆ కణుపు పోయినందుకు ఇన్నేళ్ళకి నాకు ఏడుపొచ్చింది.

"పది నిమిషాలు వస్తుంది" అన్నాడు నోరు. "అందుకని ఒక్క మాట వినండి. మధ్యలో మీరు మాట్లాడకండి. ఎదుటివాళ్ళు మాట్లాడుతుంటే మేం అడ్డం రాలేం. రాకూడదని రూలేం లేదు. చేతకాదు, అంతే. నాకీ పని ఇచ్చాక మళ్ళీ నేర్చుకోవడానికి రెండు నెలలు పట్టింది. కరెంటాయన వాగుతూనే ఉండేవాడు, నేను వాడి ముందు తలుపు చెక్కలా నిలబడేవాణ్ణి. వాడు తప్పులతడక బిల్లు ఇచ్చి వెళ్ళిపోయాక అప్పుడు నాకు జవాబు తట్టేది."

"నేను అడిగేది ఒక్కటే ప్రశ్న. కాగితం మీద రాసుకొచ్చాను కూడా."

"అదీ తెలివంటే" అని తలుపు తీశాడు.

చిన్న గది. ఒకప్పుడు నూలు తూకం వేసిన గది కాబోలు, గోడకి కొక్కేలున్నాయి. బల్ల, రెండు కుర్చీలు, ఆరేసిన దుప్పట్లు కనబడే కిటికీ. ఆయన లేచి నిలబడ్డాడు.

లావయ్యాడు. నేను ఆరేళ్ళుగా మనసులో పెట్టుకున్న మనిషి చిక్కిపోయి, కళ్ళు లోతుకి పోయి ఉండేవాడు. ఆ మనిషిని ఎలా తిట్టాలో, ఎక్కడ జాలిపడాలో నాకు తెలుసు. ఇతని బుగ్గలు నిండుగా ఉన్నాయి. మెడ మీద ఒక మడత. దుఃఖంలో ఉన్న మనిషికి ఒళ్ళు రావడం నాకు ద్రోహంలా అనిపించింది. చేతులు మాత్రం నీళ్ళలో నాని తెల్లగా ముడతలు పడి ఉన్నాయి. ఆ చేతుల్లోనే పోయిందట నా కూతురు.

కూర్చున్నాం. బల్ల మీద వత్తి నిలబెట్టి ఉంది. నా కాగితం విప్పాను. వణుకుతుందేమో అనుకున్న గొంతు తిన్నగా వచ్చింది. "అది చివర్న ఏమంది?"

ఆయన తల ఊపాడు. అగ్గిపుల్ల గీశాడు. మంట వత్తికి అంటుకుంది. మాట్లాడటానికి నోరు తెరిచాడు.

వచ్చింది మాట కాదు. గొంతులోంచి పాత తలుపు కిర్రుమన్నట్టు ఒక జీర. దగ్గాడు. మళ్ళీ ప్రయత్నించాడు. పెదాలు ఒక అక్షరం దగ్గర ఆగి, అక్కడ నిలవలేక జారిపోయాయి. మెడ నరాలు ఉబ్బాయి. ఆ అవస్థ చూడలేకపోయాను. మూడే మూడు క్షణాలు ఓపిక పట్టి ఉంటే గొంతు దానంతట అదే తెరుచుకునేదేమో. నేను పట్టలేదు.

"ఏమీ అనలేదన్నారుగా" అన్నాను. "నిద్రలో పోయిందన్నారుగా. ఏ నిద్ర? అది నిద్రలో కూడా మాట్లాడే పిల్ల. వసపిట్ట అని పేరు పెట్టింది మీరే. అన్నం ముద్ద నోట్లో ఉన్నా మాట ఆగేది కాదు, మధ్యలో పొలమారితే నీళ్ళు తాగి, 'ఎక్కడున్నాం' అని మళ్ళీ అందుకునేది. అలాంటిది అయిదు రోజులు మంచంలో ఉండి ఏమీ అనకుండా పోయిందంటే నేను నమ్మాను. ఎందుకు నమ్మాను? మీరు చెప్పారని. మీరు అబద్ధం చెప్పరని. నేను నమ్మగానే మీరు లేచి ఇక్కడికొచ్చేశారు. అడగడానికి కూడా మనిషి లేకుండా."

ఆయన నా వంక చూస్తున్నాడు. కళ్ళు మూయకుండా, ముందుకి వంగి. మా కాపురంలో ఎప్పుడూ అలా విన్నట్టు గుర్తులేదు. అది నన్ను రెచ్చగొట్టిందో, ఊరించిందో తెలియదు. 

"ఇల్లంతా నాకొదిలేసి వచ్చావు నువ్వు" అన్నాను. పెళ్ళయిన పదిహేనేళ్ళలో ఆయన్ని 'నువ్వు' అనడం అదే మొదలు. "దాని చెప్పులు ఎవరు తీశారనుకున్నావు గుమ్మంలోంచి? బళ్ళో దాని పేరు కొట్టేయించడానికి ఎవరు వెళ్ళారు? ఆ పంతులమ్మ హాజరు పట్టీ తెరిచి, 'ఏమని రాయమంటారు' అని నన్నడిగింది. నేను చెప్పాను. నా నోటితో నేను చెప్పాను. నువ్వు ఇక్కడ దుప్పట్లు మడతపెట్టుకుంటున్నావు. మాట్లాడకపోవడం తపస్సా? మాట్లాడాల్సిన చోట నన్ను ఒక్కదాన్ని నిలబెట్టి నువ్వు నోరు మూసుకుంటే అది తపస్సు ఎలా అయింది?"

మంట నిటారుగా ఉంది. నాకు కనబడుతూనే ఉంది. వత్తి తరుగుతోందని, తరిగేది ఆయన మాట అని తెలుసు. రైలు కదిలిపోతోందని తెలిసీ టికెట్టు కోసం సంచి వెతుక్కునే మనిషిలా మాట్లాడుతూనే ఉన్నాను. ఇంకొక్క మాట, దీంతో ఆపేస్తాను అనుకుంటూ.

ఆ ఒక్క మాట వేరే చోటికి పోయింది. నేను ఎవరికీ చెప్పని చోటికి.

"ఆ రోజు నేను కొట్టుకి ఎందుకెళ్ళానో తెలుసా? బడి తెరిచే వారం, గౌన్లు ఇచ్చెయ్యాలి అన్నాను కదా. ఆ గౌన్లు అంతకు ముందురోజే అయిపోయాయి. అక్క కూడా ఆసుపత్రిలోనే ఉంది కాబట్టి అది చూసినవాళ్ళు లేరు. నేను ఊరికే వెళ్ళాను. దాని ఊపిరి... ఆ లాగడం, అది వినలేక వెళ్ళాను. వెళ్ళి మిషను ముందు కూర్చుని, దారం లేకుండా, బట్ట లేకుండా తొక్కాను. గంటసేపు. సూది ఉత్తరేకు మీద టకటకమని కొట్టుకుంటోంది. అదొక్కటే వినబడాలని తొక్కాను. అది అమ్మా అని పిలిచి ఉంటే, నేను అప్పుడు..."

ఇక రాలేదు.

ఆ గదిలో ఎవరో చాలాసేపటి నుంచి అరుస్తున్నారని, ఇప్పుడు ఆపారని అనిపించింది. ఆయన గొంతు కోసం ఎదురుచూశాననే ఇన్నాళ్ళూ అనుకున్నాను. నేను ఎదురుచూసింది తిరిగి ఒక్క మాట అనని చెవి కోసం. అది దొరకగానే ఆత్రంగా మీద పడ్డాను. ఆయనకి ఉన్నది ఒక్క ముద్ద, అది నేను తినేశాను.

వత్తి గోరంత మిగిలింది. మైనం బల్ల మీద మడుగు కట్టింది.

"చెప్పండి" అన్నాను. "చెప్పండి, చెప్పండి, ఇంక నేను మాట్లాడను."

ఆయన పెదాలు తడుపుకున్నాడు. ఈసారి గొంతు వచ్చింది. మా ఇంట్లో వినబడే గొంతు కాదు. చిన్నపిల్లవాడు పెద్దవాళ్ళ చొక్కా తొడుక్కున్నట్టు, ఆ మాటలు ఆయనకి వదులుగా ఉన్నాయి.

"నేను... లోపల లేను."

"ఎక్కడ లోపల?"

"గదిలో. మెట్ల మీద ఉన్నా. చెవులు మూసుకుని." రెండు అరచేతులూ పైకెత్తి, చెవుల దాకా తీసుకెళ్ళి, నా ముందు ఆ పని చెయ్యలేక దించేశాడు. "నా చేతుల్లో పోలేదు."

మిషను తొక్కిన కాళ్ళు బల్ల కింద వాటంతట అవే కదిలాయి.

"మరి ఎవరు ఉన్నారు?"

"వదిన."

"అక్క మందులకి వెళ్ళింది. తిరిగొచ్చేసరికి అయిపోయింది."

తల అడ్డంగా ఊపాడు. మంట ఒకసారి పొడుగ్గా సాగింది. ఆయన దాన్ని చూసి తొందరపడ్డాడు. మాటలు ఒకదాని మీద ఒకటి పడ్డాయి. "వదినతో ఏదో చెప్పింది. నేను అడిగా. చెప్పలేదు. మళ్ళీ అడిగా. ఇంకోసారి అడిగితే, ఆ గంటలో నేనెక్కడున్నానో నీకు చెప్పేస్తానంది. నేను... భయపడ్డా. చేతుల్లో పోయిందని నీతో... ఒకసారి అన్నాక... ఆ నోటితో మళ్ళీ నీతో మామూలుగా... ఉప్పు ఇవ్వు, తలుపు వెయ్యి అని... అందుకే..."

వత్తి మునిగిపోయింది. సన్నగా పొగ లేచింది.

"అందుకే?" అన్నాను. "అందుకే ఏంటి?"

ఆయన నోరు ఆ మాట తర్వాతి మాట కోసం తెరుచుకునే ఉంది. పొగ వంక చూశాడు. మెల్లగా పెదాలు కలిపాడు.

"ఇక్కడ ఎవరూ లేరు. నేను ఎవరికీ చెప్పను. ఒక్క మాట."

ఆయన గోటితో బల్ల మీది మైనం గీకడం మొదలుపెట్టాడు. అంచు నుంచి లోపలికి, చెక్క గీరుకోకుండా, బట్ట మీది మరక తీసేవాళ్ళ జాగ్రత్తతో. కళ్ళలోంచి నీళ్ళు ఆ మైనం మీద పడి ఉండలు కట్టాయి. ఏడుపుకి కూడా చప్పుడు లేదు. లేచి ఆయన్ని కొడదామనిపించింది. ఆ సగం వేలు పట్టుకుందామనీ అనిపించింది. రెండూ చెయ్యలేదు. ఒకే ఊపిరి నుంచి ఇద్దరం పారిపోయాం. ఒకరు మెట్ల మీదికి, ఒకరు మిషను దగ్గరికి. అది ఆయనకి తెలియదు, నాకూ తెలియదు. తెలిసి ఉంటే ఒకే ఇంట్లో కూర్చుని ఏడ్చేవాళ్ళమేమో.

బయట నోరు గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాడు. నేను తలుపు దగ్గరే అడిగేశాను. "ఇంకో వత్తి ఇవ్వండి. ఆ పెట్టెలో ఉన్నాయన్నారుగా. వెలిగించకుండా పోయినవాళ్ళవి."

"అవి వాళ్ళ వేళ్ళమ్మా."

"మీది ఇవ్వండి పోనీ."

ఆయన చెయ్యి నడుం దగ్గరున్న చిన్న సంచీ మీదికి పోయింది. నవ్వే మొహం కాసేపు ఏం చెయ్యాలో తెలియనట్టు అయిపోయింది. "నేను ఇచ్చినా ఆయన వెలిగించడు. ఆయన వేలు కాదు కదా. పైగా..." గొంతు తగ్గించాడు. "నాకూ ఒకరున్నారు. వస్తారో రారో తెలియదు గానీ, వస్తే కావాలి."

గేటు దాకా ఆయన ఒక్క మాట మాట్లాడలేదు. ఉన్న పదకొండు రోజుల్లోంచి నా కోసం అంత తీసి పక్కన పెట్టాడు.

అక్క బల్ల మీదే ఉంది. ఒడిలో అయిదు చొక్కాలు, కుట్టేసినవి ఒక పక్క, కుట్టాల్సినవి ఒక పక్క. తలెత్తకుండానే అడిగింది.

"అయిందా? మీ ఆయన ఎలా ఉన్నాడు?"

"లావయ్యాడు."

"అవడూ మరి. మాట్లాడే పని తప్పింది, తినడానికి తీరిక దొరికింది." నవ్వబోయి నా మొహం చూసింది. సూది గుండీ కన్నంలో సగం దూరి ఆగిపోయింది.

"నువ్వు మందులకి వెళ్ళలేదు" అన్నాను.

అక్క ఆ సూది అవతలికి లాగింది. మూడుసార్లు చుట్టి, ముడి వేసి, దారం పంటితో తెంపింది. ఆ గుండీ పూర్తిచెయ్యకుండా ఈ సంగతి మొదలుపెట్టడం దానికి చేతకాదు.

"వెళ్ళా. మందు లేదన్నారు. వెంటనే వచ్చేశా. మీ ఆయన మెట్ల మీద కూలబడి ఉన్నాడు, చెవుల మీద చేతులు పెట్టుకుని. 'లే మరిదీ, లోపలికి రా' అని రెక్క పుచ్చుకుని లాగా. రాలేదు. మనిషి కొయ్యబారిపోయాడు. నేనెళ్ళా."

"ఆరేళ్ళ నుంచి నా వెనకే కూర్చుని కుడుతున్నావు."

"ఎదురుగా కూర్చుంటే కక్కేస్తానని వెనక్కి జరిగా. నా మిషను ఆ మూలకి తిప్పింది వెలుతురు కోసం అనుకున్నావా? ఆ మూల అసలు వెలుతురెక్కడుందే. నా కళ్ళు పోయాయి ఆ చీకట్లో కుట్టి కుట్టి."

దాని కళ్ళద్దాలు ఏటేటా మందమయ్యాయి. వయసు అనుకున్నాను. ఒకే కొట్టు, ఒకే దారం కండె, ఒకే కత్తెర. బట్ట కత్తిరించి అది ఇస్తే నేను కుట్టేదాన్ని. మధ్యాహ్నం డబ్బా విప్పి నా ముద్ద దాని ముద్ద మార్చుకునేవాళ్ళం. పాప సంగతి వస్తే కత్తెర చప్పుడు ఆగేదని ఇప్పుడు గుర్తొస్తోంది. దుఃఖం అనుకున్నాను.

"నన్ను బెదిరించింది అని చెప్పాడా మీ ఆయన?"

"చెప్పాడు."

"బెదిరించా. లేకపోతే వదిలేవాడా? రోజుకి పదిసార్లు అడిగేవాడు. ఒకరోజు నా కాళ్ళ మీద పడ్డాడు. నేను చెప్పానంటే వాడు నీకు చెప్తాడు. వాడి కడుపులో నువ్వుగింజ నానదు ఆ రోజుల్లో." అక్క కళ్ళద్దాలు తీసి చీరకొంగుతో తుడిచింది. తుడుస్తూనే ఉంది. "వాడు మఠంలో చేరతాడని నేనేం కలగన్నానా? నా మూలంగానే నీ కాపురం పోయింది. అది కూడా నాకు తెలుసు. తెలిసే ఊరుకున్నా."

"ఏమంది అక్కా అది?"

బస్సు వచ్చింది. మా ఊరి వైపు వెళ్ళేదే. ఒక ముసలామె దిగింది. కండక్టరు మాకేసి చూసి, ఎక్కుతారా అన్నట్టు తల ఎగరేశాడు. ఇద్దరం కదల్లేదు. బస్సు వెళ్ళిపోయింది.

"తెలివిలోనే ఉంది" అంది అక్క. "బాగా తెలివిలో ఉంది. 'పెద్దమ్మా, నీకొకటి చెప్తా' అంది. ఆయాసపడుతూ, ఆగి ఆగి. చెప్పింది. మొత్తం చెప్పింది, దాని సంగతి నీకు తెలుసుగా, తోకతో సహా చెప్తే గానీ వదలదు. అయ్యాక అంది, 'ఇది మాత్రం అమ్మకి చెప్పొద్దు' అని. సరే అన్నా. 'అలా కాదు, ఒట్టెయ్యి' అంది. నా చెయ్యి పట్టుకుని తన నెత్తిమీద పెట్టుకుంది. నెత్తి పెనంలా కాలుతోంది. వేశా. 'గట్టిగా' అంది. గట్టిగా వేశా. నవ్వింది. అంతే."

గట్టిగా. ఆ ఒక్క మాట వాళ్ళ పెద్దమ్మ నోట్లోంచి దాని గొంతుతోనే వచ్చింది. నాకు తెలియకుండా బల్ల అంచు పట్టుకున్నాను.

పొట్టలో ఒక్క మాట దాచుకోవడం తెలియని పిల్ల అది. నేను దాని కోసం చాటుగా కుట్టిన పుట్టినరోజు గౌను సంగతి కూడా మర్నాడు నాకే వచ్చి చెప్పేది, 'అమ్మా, నాకు తెలిసిపోయిందని నీకు చెప్పకూడదనుకున్నా' అంటూ. ఏడేళ్ళలో ఒకే ఒక్కటి దాచమంది. నా దగ్గరే దాచమంది. నేను లేనందుకు కోపమా? నేను ఏడుస్తాననా? నేను ఎక్కడికి వెళ్ళానో దానికి తెలుసా? ఒక్కో ప్రశ్నా ఒక్కో జవాబుగా మారి నన్ను పొడుస్తోంది. అసలు జవాబు మూరెడు దూరంలో కూర్చుని ఉంది.

"నాకు చెప్పు" అన్నాను.

అక్క కళ్ళద్దాలు పెట్టుకుంది. ఒడిలో చొక్కాలు తీసి పక్కన పెట్టింది. నా వైపు పూర్తిగా తిరిగింది. ఆరేళ్ళలో అది నాకు ఇంత దగ్గరగా ఎదురుగా కూర్చోవడం అదే మొదటిసారి.

"చెప్తా. నీకంటే నాకెవరున్నారే. కానీ ఊరికే చెప్పు అంటే చెప్పను. దాని తల్లివి నువ్వు. అది వేయించుకున్న ఒట్టు తీసి గట్టు మీద పెట్టమని నీ నోటితో నువ్వు అను. 'నా కూతురికిచ్చిన మాట తప్పు అక్కా' అను. అన్న మరుక్షణం చెప్తా, ఒక్క ముక్క పొల్లుపోకుండా. అనలేవా, ఇంటికి పోదాం, మళ్ళీ ఈ ఊసు ఎత్తొద్దు. నేనూ దాన్ని నాతోనే తీసుకుపోతా."

రోడ్డు అవతల ఇనుప గేటు మూసి ఉంది. దాని వెనక తడిదుప్పట్లు గట్టు మీద పడుతున్న చప్పుడు, ఆగి, మళ్ళీ.

"అంటావా?" అని అడిగి, అక్క నా నోటి వంక చూస్తూ కూర్చుంది.